రీలు మార్చేలోపు

మా టెంటు సినిమాకు మొదటి నుంచీ రెండు మిషన్లు ఉండి ఉంటే నన్నెవరూ ఎరిగి ఉండేవాళ్ళు కాదు.

రెండు మిషన్లున్న హాల్లో ఒకదానిలో రీలు అయిపోతుండగానే రెండోది మొదలవుతుంది. చూసేవాళ్ళకు అతుకు తెలియదు. ఒకే మిషనున్న టెంటులో అలా కాదు. రీలు అయిపోగానే ఆపరేటరు దీపం ఆర్పాలి, ఖాళీ చుట్టను దించాలి, కొత్త చుట్టను ఎక్కించాలి, ఫిల్ము కొసను పళ్ళచక్రాల మధ్య దూర్చి కింది చుట్టకు తగిలించాలి, దీపంలో మండి అరిగిన కార్బన్ కడ్డీలను దగ్గరికి జరపాలి, ఆ తర్వాతే మళ్ళీ దీపం వెలిగించాలి. అంతసేపూ నేల టికెట్టు జనం ఊరికే కూర్చోరు. ఈలలు, బీడీలు, ముందువాడి తలపాగా మీద ఇసుక పోయడం, పాత తగాదాలు గుర్తు చేసుకోవడం, అన్నీ ఆ చీకట్లోనే జరిగేవి. యజమాని మొదట గ్రామఫోను పెట్టి చూశాడు. ప్లేట్లు అరిగిపోయి, "ఈ పాట మా తాత పెండ్లిలో ఇన్నెం గదప్పా!" అని జనం కేకలు పెట్టడంతో దాన్ని తీసేసి, మా నలుగుర్నీ పెట్టాడు.

అది యాభైల నడుమ సంగతి. మేం తనకల్లు వైపు పిల్లలం. మీసాలు రావడానికి ఇంకా చాలా కాలం ఉంది. టెంటు ఏడాదిలో కొన్నాళ్ళు తనకల్లులో, కొన్నాళ్ళు లేపాక్షి దగ్గర, కొన్నాళ్ళు చిలమత్తూరులో దిగేది. మేమూ దాని వెంటే తిరిగేవాళ్ళం. టెంటు ఎక్కడుంటే మా బడి అక్కడ. సినిమాకు పాసు దొరుకుతుందని ఏ ఊరి అయివారైనా మమ్మల్ని ముందు వరుసలో కూర్చోబెట్టేవాడు.

నలుగురిలో ఒక్కొక్కడికి ఒక్కో పని. ఒకడిది గొంతు. అది ఎంత పైకి పోయేదంటే టెంటు బయట ఇంజను చప్పుడును కూడా దాటి వినిపించేది. ఇంకొకడిది కంజీర. మూడోవాడిది ముఖం; వాడు పాడేది తక్కువ, నవ్వేది ఎక్కువ, ఆడవాళ్ళ వైపు అరుపులన్నీ వాడికే. నాలుగోవాణ్ణి నేను. నేను వంత పాడుతూ, తెరకు ఎదురుగా ఉన్న మిషను గది కంత మీద కన్నేసి ఉంచాలి. ఆ కంతలో నీలం వెలుగు కదిలిందంటే కడ్డీలు అంటుకున్నాయని అర్థం. వెంటనే నేను మేం నిలబడిన బల్లను కాలితో గట్టిగా తన్నాలి. ఆ చప్పుడుకు మేం నలుగురం పాటను ఉన్నచోటే వదిలి తెర ముందు నుంచి పక్కకు దూకాలి. లేకపోతే హీరోయిన్ ముఖం మా చొక్కాల మీద పడుతుంది.

ఆ చొక్కాల గురించి చెప్పాలి. పసుపుపచ్చ శాటిన్ గుడ్డ, ఎర్ర కాలరు, మెడలో ఎర్ర గుడ్డ. హిందూపురంలో కుట్టించారు. మేం వాటిని వేసుకున్న ఏడాదిలోపే ఆ చుట్టుపక్కల దర్జీలందరికీ "టెంటు పిల్లోళ్ళ చొక్కా" అంటే ఏమిటో తెలిసిపోయింది. పగలు ఊళ్ళలో తిరిగే ప్రచారం బండి మీద సినిమా బొమ్మకు ఒక పక్క, మా నలుగురి బొమ్మకు మూడు పక్కలు. సంతలో మిఠాయి అంగడి ముందు నిలబడితే చేతిలో ఏదో ఒకటి పడేది. ఒక ముసలామె మా గొంతువాడి చెవులు రెండూ పట్టుకుని, "ఈ బిడ్డను కన్న తల్లి కడుపు చల్లగుండ," అని ఏడ్చింది. వాడు చెవులు నొప్పని ఏడ్చాడు. రీలు తెగితే జనం సంతోషించే టెంటు మాది ఒక్కటే అని ఆపరేటరు అంటుండేవాడు.

ఆపరేటరును మేం మామా అని పిలిచేవాళ్ళం. వాళ్ళది ఇంట్లో కూడా తెలుగే మాట్లాడే సాయిబుల కుటుంబం. వాళ్ళ నాయన పరుపులు కుట్టేవాడు. మామకు మిషను పని వచ్చు, పాటలు కట్టడం వచ్చు. పగలు రీళ్ళు తిప్పి సర్దుకుంటూ, నోట్లో బీడీ ఉండగానే మాకు పాటలు నేర్పేవాడు. అతడు కట్టినవాటిలో అన్నిటికన్నా పేరొచ్చింది గొర్రెపాట.

తెల్లమచ్చ గొర్రెపిల్ల దారి తప్పెనే
గొల్ల చిన్నవాడు దాన్ని వెతకబోయెనే

అని మొదలవుతుంది. గొల్ల పిల్లవాడు బండను అడుగుతాడు. డెక్కల గుర్తులు చూశానంటుంది బండ. బావిని అడుగుతాడు, నీళ్ళు తాగి పోయిందంటుంది బావి. ముళ్ళకంపను అడుగుతాడు, ఇదిగో దాని బొచ్చు అంటుంది కంప. ఒక్కొక్కదానికి ఒక్కో చరణం. తర్వాత వాడు కొండ ఎక్కుతాడు. కొండ మీద నిలబడి ఆవలికి చూస్తాడు. సరిగ్గా అక్కడికొచ్చేసరికి కంతలో నీలం వెలుగు కదిలేది. నేను బల్లను తన్నేవాణ్ణి.

జనం "అయ్యో!" అనేవాళ్ళు. ఆ "అయ్యో" కోసమే మళ్ళీ వచ్చేవాళ్ళు. ఒక్కోసారి కంప దగ్గరే ఆగిపోయేది. ఎప్పుడైనా కడ్డీలు మొండికేస్తే ఇంకో రెండు మాటల దాకా పోయేది. కొండ దాటి మాత్రం ఏ రోజూ పోలేదు. తర్వాతి చరణం ఏంటి మామా అని అడిగితే, "రేపు నేర్పిస్తా పోండ్రా," అనేవాడు. రేపు ఇంకో పాట నేర్పేవాడు.

ఒక వేసవిలో మద్రాసు నుంచి పెద్ద పెట్టె వచ్చింది. దాన్ని విప్పే పనిలో మేం కూడా ఎగబడి సాయం చేశాం. గడ్డి తీశాం, మేకులు పీకాం. లోపల రెండో మిషను. మెరుస్తోంది. దాన్ని ఎక్కించిన రోజు ఆట మొదటి నుంచి చివరి దాకా అతుకు లేకుండా నడిచింది. మేం చొక్కాలు వేసుకుని తెర పక్కన నిలబడే ఉన్నాం. విశ్రాంతిలో సోడాలమ్మేవాళ్ళ కేకల మధ్య ఒక్క పాట పాడాం. ఎవరూ కూర్చుని లేరు. యజమాని చెడ్డవాడు కాదు. మరుసటి వారం మమ్మల్ని పిలిచి కడుపునిండా తిండి పెట్టించి, "ఇంగ బాగ సదువుకోండప్పా," అన్నాడు. అప్పటికే మా గొంతువాడి గొంతు బొంగురుపోతోంది. రెండో మిషను రాకపోయినా మేం ఇంకొక ఏడాది కన్నా నిలిచేవాళ్ళం కాదని నాకిప్పుడు లెక్క తెలుస్తుంది. అప్పుడు మాత్రం తప్పంతా ఆ పెట్టెదే అనుకున్నాను.

నలుగురం నాలుగు దారులు పట్టాం. గొంతువాడు హిందూపురంలో దర్జీ దగ్గర చేరాడు. కంజీరవాడు బస్సు క్లీనరయ్యాడు. నవ్వేవాడు ధర్మవరంలో మేనత్త ఇంట మగ్గం ఎక్కాడు. నన్ను మా నాయన అనంతపురం పంపి, పాలిటెక్నిక్‌లో ఎలక్ట్రికల్ చదివించాడు. ఆ రెండో మిషను లోపల ఏముందో చూడాలన్న పంతం కూడా నన్ను అక్కడికి తీసుకుపోయిందేమో తెలియదు. డ్రాయింగు నాకు బాగా వచ్చింది. దేన్నైనా భాగాలుగా విడదీసి వరుసగా రాసుకోవడం నా అలవాటైంది. హాస్టల్లో మొదటి రోజే ఒక సీనియరు నన్ను గుర్తుపట్టాడు. ఆ తర్వాత భోజనాల గదిలో పళ్ళెం పట్టుకుని నిలబడిన ప్రతిసారీ, "ఏయ్ గొర్రెపిల్లా! దొరికినావా లేదా?" అన్న కేకే.

చదువయ్యాక కరెంటు ఆఫీసులో సూపర్‌వైజరు పని దొరికింది. కదిరి నుంచి హిందూపురం దాకా కొత్తగా లైన్లు లాగుతున్న రోజులవి. స్తంభాలకు గుంటలు ఎక్కడ తీయాలో గుర్తులు పెట్టడం, ట్రాన్స్‌ఫార్మర్ దిమ్మె సరిగా ఉందో లేదో చూడటం, బావుల మీద మోటార్లకు కనెక్షన్లు పరీక్షించడం నా పని. ఊళ్ళలో నన్ను గుర్తుపట్టేవాళ్ళు మూడు రకాలు. మొదటి రకం, చూడగానే నవ్వి ఊరుకునేవాళ్ళు. వాళ్ళతో బాధ లేదు. రెండో రకం, "ఇట్లయిపోయినావేందప్పా!" అనేవాళ్ళు, నేను పెద్దవాణ్ణి కావడం వాళ్ళకేదో నష్టం చేసినట్టు మాట్లాడేవాళ్ళు. మూడో రకం, పాడమనేవాళ్ళు. చిలమత్తూరు దగ్గర ఒక రైతు, నేను అతడి మోటారు మీటలు విప్పి చూస్తుంటే పక్కన గొంతుక్కూచుని అన్నాడు:

"పాట పాడు సామీ, కరెంటు దానంతట అదే వస్తాది."

"కరెంటు పాటకు రాదన్నా. ఎర్త్ వైరు లేదు ఈడ."

"మాకు ఎర్తు ఎందుకులే. మీ మూడోవాడు యాడుండాడు? నవ్వేవాడు?"

"ధర్మవరంలో."

"వాడొచ్చి ఉంటే ఎంత బాగుండు!" అన్నాడు రైతు, నిట్టూర్చి.

అందరూ చొక్కాల గురించి అడిగారు. నవ్వేవాడి గురించి, ముసలామె పట్టుకున్న చెవుల గురించి అడిగారు. పాటలో ఏముందని మాత్రం ఎవరూ అడగలేదు. నేను కూడా దాన్ని గురించి ఆలోచించడం మానేశాను.

నాకు పెళ్ళి చేయాలని మా నాయన అనుకున్నప్పుడు చిలమత్తూరు నుంచి ఒక సంబంధం వచ్చింది. పిల్ల నాయన చింతపండు మండీ నడిపేవాడు. పిల్ల ఎస్సెల్సీ చదివి, మండీ లెక్కలు చూస్తుందని చెప్పారు. నేను, మా నాయన, మా పిన్నమ్మ బస్సులో పోయాం. వాళ్ళ ఇంట్లో అడుగుపెట్టగానే, కాళ్ళకు నీళ్ళిచ్చే లోపలే, పిల్ల నాయన నన్ను పైకీ కిందికీ చూసి తొడ మీద చరుచుకున్నాడు.

"నువ్వు బల్ల తన్నేవాడివి కదప్పా!"

"ఔనండి," అన్నాను.

"ఏమే, చూడు! కొండ కాడ బల్ల తన్నేవాడు మనింటికి అల్లుడుగా వస్తాండాడు!" అని లోపలికి కేక వేశాడు. ఆ కేకతో సగం పని అయిపోయినట్టే అనిపించింది. మా పిన్నమ్మ నా వైపు చూసి కళ్ళతోనే నవ్వింది.

పిల్ల వచ్చి చాప మీద కూర్చుంది. రంగు, ఎత్తు, జడ, ఇవన్నీ నేను గమనించాను కాని ఇక్కడ రాయను. ఆనవాయితీ ప్రకారం మా పిన్నమ్మ, "పిల్ల ఏమన్నా పాట పాడుతాదా?" అంది. పిల్ల నాయన చేతులు అడ్డంగా ఊపాడు.

"మా పిల్ల పాడేదేముందమ్మా! పాటగాడే ఇంటికొచ్చినాడు. పాడప్పా నువ్వే. గొర్రెపాట పాడు."

పెళ్ళిచూపుల్లో మగపిల్లవాణ్ణి పాడమనడం నేనెక్కడా వినలేదు. మా నాయన దగ్గాడు. వాకిట్లో, కిటికీ దగ్గర మనుషులు చేరారు. తప్పలేదు. నాది అప్పటికే బావిలోంచి వచ్చేలాంటి గొంతు. గొంతువాడి భాగం నేను పాడలేను. వంత భాగమే పట్టుకుని బండ, బావి, కంప, కొండ దాకా లాక్కొచ్చి ఆగాను. నా కాలు నాకు తెలియకుండానే నేలను తన్నింది. అందరూ నవ్వారు. తర్వాత ఎదురుచూశారు.

"ఊఁ?" అన్నాడు పిల్ల నాయన.

"అంతేనండి."

"అంతేందప్పా? ఈడేం రీళ్ళు మార్చేది లేదు కదా. కానీ, పాడు."

అప్పుడు చాప మీద కూర్చున్న పిల్ల తలెత్తింది. "కొండ ఆవల ఏముండాది?" అంది. ముద్దుగా అడగలేదు. చింతపండు తూకంలో తేడా ఎందుకొచ్చిందని అడిగినట్టు అడిగింది.

"నాకు తెలీదు," అన్నాను.

"రోజూ పాడినారు కదా?"

"పాడినాము. ఆడికే."

పిల్ల నాయన ముఖం నెమ్మదిగా ముడుచుకుంది. తర్వాత పలకరింపులన్నీ జరిగాయి, బొరుగులూ మురుకులూ వచ్చాయి, పొలాల గురించీ మోటార్ల గురించీ మాటలు నడిచాయి. కాని తొడ చరుచుకున్న మనిషి మళ్ళీ కనిపించలేదు.

తిరుగు బస్సులో మా నాయన, "ఏదో ఒకటి చెప్పుంటే పోయుండు కదరా," అన్నాడు.

"లేనిది యాడినుంచి తెచ్చి చెప్పేది నాయనా?"

"దొరికిందనో, దొరకలేదనో. రెండే కదా ఉండేది."

"ఆ రెంటిలో ఏదో నాకు తెలీదు."

"సదివిచ్చింది తప్పయింది నిన్ను," అన్నాడు.

వారానికి కబురొచ్చింది. తెచ్చినవాడు వాళ్ళ మండీకి బండి తోలే మనిషి. పిల్ల నాయన అన్న మాటలు అన్నట్టే చెప్పాడు: "పేరు పడిన పిల్లోడు. టెంటులో ఊరందరికీ పాడినోడు మా ఇంట్లో కడదాకా పాడేదానికి ఒప్పలేదు. నోరు తెరిచి అడిగితే తెలీదంటాడా? రోజూ పాడినోడికి తెలీకుండా ఉంటుందా? మాతో సంబంధం ఇష్టం లేదని అట్ల చెప్పినాడు. పెద్దోళ్ళ సావాసం మాకెందుకులే."

ఆ మాటలు వింటే కోపం రావాలి. రాలేదు. ఆ సంబంధం పోయిందన్న సంగతే లోపల బరువుగా నిలిచింది. పిల్ల నాయన నన్ను చూశాడు. నాలో ఆ పసుపుపచ్చ చొక్కాను చూశాడు. పిల్ల మాత్రం నన్ను దాటి, చొక్కాను దాటి, పాటలోకి చూసి అడిగింది. ఇన్నేళ్ళలో అలా అడిగిన మనిషి ఆమె ఒక్కతే. ఆమెను చేసుకోవాలన్న కోరిక నాకు ఆ ప్రశ్నతోనే పుట్టింది. ఆ ప్రశ్నకు జవాబు లేకనే ఆమె పోతోంది.

తర్వాతి ఆదివారం తనకల్లు పోయాను. టెంటు అప్పటికి ఎత్తేశారు. ఆపరేటర్ మామ బస్సులు ఆగే చోట సైకిళ్ళ అంగడి పెట్టుకున్నాడు. ట్యూబుకు పట్టీ వేస్తూ, తల ఎత్తకుండానే అన్నాడు:

"బల్ల తన్నేవాడా! కాలు బాగుండాదా?"

"బాగుంది మామా. గొర్రెపాట కడ చరణం కావల్ల నాకు."

"ఏ గొర్రె?"

"తెల్లమచ్చ గొర్రె."

"ఓ, అదా. అది ఇంకా దొరకలేదా?" అని పెద్దగా నవ్వాడు.

"దొరకలేదు. కొండ ఆవల ఏముండాదో చెప్పు."

"నాకేం తెల్సురా?"

"రాసింది నువ్వు కదా?"

"రాసినా. రీలు ఎక్కిచ్చేంత పొడుగు రాసినా. దర్జీ చొక్కా అయినాక కూడా కుట్టుకుంటా పోతాడా?"

"రేపు నేర్పిస్తా అంటాంటివి కదా రోజూ?"

"అట్ల అనకుంటే మీరు రేపు వస్తారా? నలుగురూ నలుగురే. పాట అయిపోయిందంటే గోలీలాటకు పోతారు." ట్యూబును నీళ్ళలో ముంచి బుడగల కోసం చూశాడు. "ఇప్పుడెందుకు నీకు?"

చెప్పాను. చిలమత్తూరు, చింతపండు మండీ, పిల్ల అడిగిన మాట, బండివాడు తెచ్చిన కబురు, అన్నీ వరుసగా చెప్పాను. మామ నవ్వడం ఆపేశాడు.

"నేనొస్తా పద. ఆడ కూచుని ఒక చరణం కట్టి పాడేస్తా. గొర్రె దొరికినట్టు, పెండ్లి అయినట్టు, ఒక్క దెబ్బకు రెండూ."

"ఇప్పుడు కడితే అది ఆ పాటలోది అవుతాదా మామా?"

మామ ట్యూబు తుడిచాడు. "కాదు," అన్నాడు. "ఆ పాట ఆడికే. మీరుండారు, ఒక్క మిషనుండాది, నేను లోపల కడ్డీలు జరుపుకుంటా మీ పాట వింటాంటి. అప్పుడది. ఇప్పుడు కడితే వేరే పాట." తర్వాత, "పోయి లేదని చెప్పు. నమ్మితే నమ్ముతారు," అన్నాడు.

నమ్మరని నాకు తెలుసు. ఒకసారి లేదన్నాను, నమ్మలేదు. ఆ రాత్రి హాస్టల్ రోజుల్లాగా కాగితం తీసుకుని కూర్చున్నాను. వాళ్ళు నమ్మనిది ఏమిటి? పాడినవాడికి కడ తెలియదన్నది. ఎందుకు నమ్మరు? పాట అన్నాక కడ ఉంటుంది కాబట్టి. వాళ్ళకు తెలియనిది ఏమిటి? మిషను. అక్కడితో దారి కనిపించింది.

చిలమత్తూరులో కొత్త ట్రాన్స్‌ఫార్మర్ దిమ్మె చూసే పని నాకు ఎటూ ఉంది. ఆ పని ముగించుకుని సైకిలు మీద నేరుగా మండీకి పోయాను. పెళ్ళికొడుకు పెద్దవాళ్ళు లేకుండా ఒంటరిగా అలా పోకూడదు. చింతపండు గింజలు కొట్టే ఆడవాళ్ళు కొట్టడం ఆపి చూశారు. పిల్ల లోపల తూకం రాళ్ళ దగ్గర ఉంది. పిల్ల నాయన గడప దగ్గరే ఎదురయ్యాడు.

"ఏమప్పా, కరెంటు పనా, ఇంకేమన్నా పనా?"

"ఇంకేమన్నా పనే. సుద్దముక్క ఉంటే ఇస్తారా?"

బస్తాల మీద గుర్తులేసే సుద్ద ఒకటి అందించాడు, ఏం చేస్తానో చూద్దామన్నట్టు. నేను నాపరాయి అరుగు మీద మిషను బొమ్మ గీశాను. పై చుట్ట, కింది చుట్ట, మధ్యలో పళ్ళచక్రాలు, దీపం, కడ్డీలు, అద్దం, గోడలో కంత. రీలు అయిపోతే ఆపరేటరు ఏ పని తర్వాత ఏ పని చేస్తాడో ఒక్కొక్కటే చెప్పాను. ప్రతి పని పక్కనా మా పాటలో ఏ చరణం నడిచేదో రాశాను. చుట్ట దించడం పక్కన బండ. కొత్తది ఎక్కించడం పక్కన బావి. ఫిల్ము దూర్చడం పక్కన కంప. కడ్డీలు జరపడం పక్కన కొండ.

"దీపం వెలగతానే నేను బల్ల తన్నాల. ఆ తర్వాత పాటతో పని లేదు. పని లేనిది ఆయన కట్టలేదు. కట్టనిది మాకు నేర్పలేదు. నేను పోయి ఆయన్నే అడిగినా."

పిల్ల నాయన అరుగు మీదికి వంగి, మిషను బొమ్మను వేలితో అనుసరించాడు. వ్యాపారస్థుడు, పని ఎట్లా జరుగుతుందో చెబితే వింటాడు.

"మరి రెండు మిషన్లుంటే?"

"పాట ఉండదు."

"అంటే ఇంకో మిషను లేనందుకే మీరుంటిరి."

"ఔనండి."

"అది వచ్చినాక?"

"పెట్టె విప్పేదానికి మేమే సాయం చేసినాము," అన్నాను. "తర్వాత పంపించేసినారు."

ఆయన నిటారుగా నిలబడి నా ముఖంలోకి చూశాడు. నన్ను మొదటిసారి చూస్తున్నట్టు చూశాడు. "నేను గర్వం అనుకుంటినప్పా," అన్నాడు మెల్లగా.

పిల్ల తూకం దగ్గర నుంచి లేచి వచ్చి బొమ్మను చూసింది. కొండ అని రాసిన చోట ఆగింది.

"అయితే ఆయనకూ తెలీదా?"

"తెలీదు."

"మీరు నలుగురూ ఎప్పుడూ అనుకోలేదా, ఏముంటుందని?"

"రేపు చెప్తాడనే అనుకుంటా పాడినాము." అంతవరకు నాకు తోచని మాట ఒకటి నోటికొచ్చింది. "మీరేమనుకున్నారు?"

ఆమె వాళ్ళ నాయన వైపు చూసింది. ఆయన వద్దనలేదు.

"ఆవల వాన పడిండాది," అంది. "ఈ పక్క పడలేదు, ఆ పక్క పడింది. గొర్రె ఆడ పచ్చిక మేస్తాండాది. వాడు దాన్ని తోలుకొని రాలే. ఒక్కడే ఎనక్కొచ్చి, మందనంతా ఆడికి తోలుకొని పోయినాడు. చిన్నప్పుడు టెంటు కాడ నుంచి ఇంటికి నడిచొస్తా అట్లనుకుంటి. మీదీ అదేనా కాదా అని ఇన్నాళ్ళు చూసినా."

గింజలు కొట్టే ఆడవాళ్ళలో ఒకామె, "ఔను మరి, మందకు మేత కావల్ల గదా," అంది.

పిల్ల చెప్పిన ఆ మాట నాకు ఎంత బాగుందో చెప్పలేను. కాని నా అలవాటు ఊరుకోదు. "రెండో చరణంలో గొర్రె బావిలో నీళ్ళు తాగినాది కదా," అన్నాను. "నీళ్ళుండే ఊరు వదిలి మంద ఎందుకు పోవల్ల?"

"బావిలో నీళ్ళుంటే సరా? గొర్రె నీళ్ళు మేసి బతుకుతాదా?"

"ఈ పక్క వాన లేకుంటే బావిలో నీళ్ళెట్ల వచ్చినాయి?"

"పోయిన ఏడాదివి! బావులు చూస్తా తిరుగుతారు కదా మీరు, అది కూడా తెలీదా?"

"అయితే గొర్రెపిల్ల ఆ బావి కాడ నుంచి నడిచే పోయిందంటే కొండ దగ్గర్లోనే ఉండల్ల. అంత దగ్గర ఉంటే ఈ పక్క కూడా నాలుగు చినుకులు పడల్ల."

"ఏమప్పా!" పిల్ల నాయన చేయి అడ్డం పెట్టాడు. నవ్వుతున్నాడు. "ఇంకా ఏమీ అనుకోలేదు, ఇప్పుడే కొట్లాటకు దిగినారే మీరిద్దరూ! పో, పొయ్యి మీ నాయన్ను ఆదివారం తోడుకొని రా. మీ పిన్నమ్మను గూడ పిల్చుకొని రా. తాంబూలం సంగతి మాట్లాడుకుందాము. ఈ తగువు తెగేదాకా నా మండీ నడిచేట్టు లేదు."

ఆయనకు నమస్కారం పెట్టి బయటికొచ్చాను. సైకిలెక్కి రోడ్డు మలుపు దాకా కూడా పోలేదు, వెనక నుంచి గొంతు వినిపించింది. ఆమె గడప మీద నిలబడి ఉంది.

"దగ్గరని ఎట్ల చెప్తారు మీరు? ఆ కొండ యాడుండాదో చూసినారా?"

నేను సైకిలు దిగి వెనక్కి తిరిగాను.